మడతపేచీ

లాండ్రీ తలుపు మీద కాగితం అంటించి ఉంది. ఆ ప్రభుత్వాసుపత్రిలో ఇరవై ఏళ్ళుగా దుప్పట్లు మడతపెట్టి, మడతక్క అనే పేరు తెచ్చుకున్న మనిషిని ఉద్యోగంలోంచి తీసేశారట. చేసిన నేరమేంటో విన్నారా? ఇస్త్రీ రోలరు ఆపడం! రోలరు ముందుండే అడ్డుకమ్మి విరిగి, అందరూ చెల్లీ అని పిలిచే తోటి కార్మికురాలి చెయ్యి లోపలికి పోయి కాలింది. మడతక్క యంత్రం ఆపేసింది. కమ్మి బిగించేదాకా మళ్ళీ తిప్పనివ్వనంది. అదే నేరం.

విచారణ జరిగిందా అంటే జరిగింది, పది నిమిషాలు. ఒక్క సాక్షినీ పిలవలేదు. కళ్ళారా చూసిన అరవై మందీ కుక్కిన పేనుల్లా పడి ఉన్నారు. ఉద్యోగం పోయినదానికంటే అదే మడతక్కకు ఎక్కువ మండింది.

అయినా కోర్టుకెక్కింది. ఎనిమిది నెలలు తిరిగి చెప్పులరిగాక తీర్పొచ్చింది: సాక్షుల్లేని విచారణ చెల్లదు. మళ్ళీ జరపాలి. ఆమె కోరిన ప్రతి సాక్షినీ పిలవాలి, ఆ రోజు వాళ్ళకు డ్యూటీ కిందే లెక్క.

"ఇద్దరు చాలమ్మా," అంది లాయరమ్మ.

ఆ ఇద్దరెవరు? మధ్యాహ్నం మాసిన దుప్పట్ల మూటల మీద కూర్చుని అందరూ కొట్టుకున్నంత పనిచేశారు.

"రెండేళ్ళలో రిటైరవుతాను, నన్నొదిలెయ్యండి," అన్నాడు ఉతుకు యంత్రం తాత.

"నాకు పిల్లలున్నారు!"

"మాకు లేరేంటి? వెళ్ళిన ఇద్దరి పేరా రేపు కాగితం అంటిస్తారు!"

చెయ్యి కాలిన చెల్లి లేచింది. ముడుచుకుపోయిన వేళ్ళు పైకెత్తింది. "ఇద్దర్నయితే పీకుతారు. అరవై మందినీ పీకి, దుప్పట్లు సూపర్‌వైజరు ఉతుకుతాడా?"

ఎవరో ఫక్కున నవ్వారు. ఆ నవ్వుతో సగం భయం చచ్చింది.

సాక్షుల జాబితా చూసి విచారణాధికారి తల పట్టుకున్నాడు. "అరవై మందా? ఏంటీ మడతపేచీ?"

"ఇరవై ఏళ్ళు మడతలే పెట్టాను సార్. నాకొచ్చిన విద్య అదొక్కటే."

కోర్టు మాట కాదనలేక అరవై నోటీసుల మీదా సంతకం పెట్టాడు.

రోగులు ఇబ్బంది పడకూడదని ముందురోజే రెండు రోజులకు సరిపడా దుప్పట్లు వార్డులకు చేర్చి, విచారణకు అందరూ కదిలారు. వరండా నిండింది. మెట్లు కూడా నిండిపోయాయి.

మొదట చెల్లిని పిలిచారు.

"రోలరు ఆపిందెవరు?"

"అక్కే. ఆపింది కాబట్టే ఈ చెయ్యి మిగిలింది. రాస్కోండి."

ఇంతలో సూపర్‌వైజరు రొప్పుతూ వచ్చాడు. "సార్! లాండ్రీలో పన్నెండు యంత్రాల్లో ఒక్కటీ తిరగట్లేదు!"

అధికారి బల్ల గుద్దాడు. "ఎవరాపారు?"

మడతక్క చెల్లి చేతిలోని నోటీసు తీసుకుని నింపాదిగా మడత విప్పి, అతని ముందు పరిచింది.

"కింద సంతకం ఎవరిదో చూడండి సార్. నేనాపింది ఒక్క యంత్రం. మీరు పన్నెండు ఆపారు. మరి మీ కాగితం ఏ తలుపు మీద అంటించాలి?"

వరండా అంతా ఘొల్లున నవ్వింది. పిలవకుండానే ఉతుకు యంత్రం తాత లోపలికొచ్చి కుర్చీ లాక్కుని కూర్చున్నాడు.

"రెండోవాణ్ణి నేను. బయట ఇంకా యాభై ఎనిమిది మంది ఉన్నారు. కలంలో సిరా నింపుకోండి సార్. మాకు తొందరేం లేదు."