చెయ్యి పెట్టని అన్నం

తొంభై ఆరు ఇళ్ళ తడి చెత్త రోజూ నా చేతుల మీదుగా పోతుంది. సాయంత్రం నాలుగింటికి లిఫ్టులో పై అంతస్తుకి వెళ్ళి, ఒక్కో గుమ్మం దగ్గరా బకెట్టు అందుకుంటూ కిందికి వస్తాను. సెల్లారులో నా ఎరువు తొట్లు ఆరు ఉన్నాయి. ఎవరింట్లో ఏం మాడిందో, ఎవరు సోమవారం పథ్యం మొదలుపెట్టి బుధవారానికి కేకు తిన్నారో, ఏ మొగుడూ పెళ్ళాలు విడివిడిగా వండుకుంటున్నారో, వాళ్ళ కన్నవాళ్ళకంటే ముందు నాకు తెలుస్తుంది. ఇంటిగుట్టు లంకకి చేటంటారు. ఈ భవనం గుట్టంతా నా బకెట్లలోనే ఉంది.

నా నోరు మంచిది కాదు, నేనే ఒప్పుకుంటాను. తడి చెత్తలో ప్లాస్టిక్ కవరు కనిపిస్తే ఆ గుమ్మంలోనే నిలబడి కడిగేస్తాను. మరీ ఒళ్ళు మండితే తలుపుకి ఎర్ర చీటీ అంటిస్తాను. అందుకే పిల్లలు నాకు చీటీల పిన్ని అని పేరు పెట్టారు. చెత్తకి సరిపడా ఎండుటాకులు కలిపి, వారానికి రెండుసార్లు తిరగేస్తే తొట్టి లోపల చెయ్యి పెట్టలేనంత వేడి పుడుతుంది, వాసన రాదు. వండిన తిండి ఎక్కువ పడితే ఆ వేడి చచ్చిపోతుంది. కంపు కొడుతుంది, పురుగు పడుతుంది. వండిన తిండి విషయంలో నాకు జాలి ఉండేది కాదు.

నాలుగో అంతస్తు చివరింట్లో బొత్తాల బామ్మ ఉండేది. ఒకప్పుడు దర్జీ పని చేసిన మనిషి. భవనంలో ఎవరి చొక్కా బొత్తాం ఊడినా ఆవిడ దగ్గరికే పరుగెత్తేవాళ్ళు. ఉన్నది ఒక్క కొడుకు, సిటీ బస్సు డ్రైవరు. అప్పట్లో పొద్దున తొమ్మిదింటికి వెళ్తే రాత్రి ఏడింటికి వచ్చేవాడు. నాలుగు కొట్టేసరికి బామ్మ బకెట్టు పట్టుకుని గుమ్మంలో సిద్ధంగా ఉండేది.

"తిన్నారా బామ్మా?" అనేదాన్ని.

"అయ్యిందమ్మా. నువ్వు తిన్నావా?" అనేది.

అదొక పలకరింపు, అంతే. అడిగేవాళ్ళు జవాబు కోసం అడగరు, చెప్పేవాళ్ళు ఆలోచించి చెప్పరు.

ఒక మంగళవారం ఆవిడ బకెట్టు బరువుగా తగిలింది. కిందికి వచ్చి మూత తీస్తే ఒక మనిషికి సరిపడా అన్నం, కూర, ఒలిచిన గుడ్డు. ఎవరూ కలపలేదు, కొరకలేదు. కంచంలో వడ్డించింది వడ్డించినట్టే జారి పడింది. బుధవారం అంతే, గురువారం అంతే. ఆ నెలాఖరుకి మున్సిపాలిటీ నుంచి తొట్ల తనిఖీకి వస్తామని కబురు వచ్చి ఉంది. నాకు అరికాలి మంట నెత్తికెక్కింది. శుక్రవారం ఆవిడ చేతిలోంచి బకెట్టు అందుకుని, తిన్నారా బామ్మా అని అడిగి, అయ్యిందమ్మా అనిపించుకుని, ఆవిడ చూస్తుండగానే తలుపుకి ఎర్ర చీటీ అంటించాను. 'వండిన తిండి ఎక్కువ. ఇలా వస్తే బకెట్టు తీసుకోను.'

తినని అన్నం నా చేతిలో ఉంది. తిన్నానన్న మనిషి నా ఎదురుగా ఉంది. రెండూ కలిపి చూసే బుద్ధి ఆ రోజు నాకు పుట్టలేదు.

"తప్పయిందమ్మా. ఇక రానివ్వను" అంది బామ్మ.

సోమవారం ఇంకో చీటీ పడింది. ఆ తర్వాత బకెట్టు అద్దంలా వచ్చింది. టీ పొడి, నాలుగు తొక్కలు, అంతే. "చూశావా నా చీటీ మహిమ!" అని లిఫ్టు తాత దగ్గర గొప్పలు పోయాను. ఆయన లిఫ్టులో స్టూలు వేసుకుని కూర్చుని, ఎక్కేవాళ్ళనీ దిగేవాళ్ళనీ లెక్కపెట్టే మనిషి.

వారం తిరిగాక ఎండుటాకుల పీపా దించుతుంటే అడుగున పొట్లాలు దొరికాయి. పాత న్యూస్‌పేపర్లో చుట్టి, దారంతో కట్టినవి. రెండు పేటల దారం, ముడి పైకి కనపడకుండా లోపలికి దోపిన కట్టు. అలా కట్టే చెయ్యి ఈ భవనంలో ఒక్కటే. లిఫ్టెక్కితే తాత కంటపడతానని, ఆ ముసలి ప్రాణం నాలుగు అంతస్తుల మెట్లు దిగి వచ్చి, తన అన్నం ఆకుల్లో దాచిపెట్టి, మళ్ళీ ఎక్కి వెళ్తోంది. నేను తిడతానని భయపడి.

మొత్తం ఏడు పొట్లాలు. విప్పి మూడో తొట్టి అడుగున వేసి పైన ఆకులు కప్పాను. తనిఖీ అయ్యాక అడుగుదాంలే అనుకున్నాను. తనిఖీ జరిగింది, వచ్చినవాళ్ళు ముక్కుకి రుమాలు కూడా అడ్డుపెట్టుకోలేదు, మెచ్చుకుని వెళ్ళారు. మర్నాడు అడుగుదాం, ఎల్లుండి అడుగుదాం అనుకుంటుండగానే బామ్మ పోయింది. నీరసం, వయసు మీద పడింది అన్నాడు డాక్టరు.

చేతులు కాలాక ఆకులు పట్టుకుని ఏం లాభం? ఆవిడ తినడం లేదని నాకు తెలుసన్న మాట ఎవరికీ చెప్పలేదు. పెదవి దాటితే పృథివి దాటుతుందంటారు. దాటని మాట ఎక్కడికీ పోదు, గొంతులోనే కూర్చుంటుంది. నా కంచం ముందు నేను కూర్చుంటే ముద్ద దిగేది కాదు.

మూడో తొట్టి ఆ తర్వాత వేడెక్కలేదు. ఆకులు కలిపాను, తిరగేశాను, పక్క తొట్టిలోంచి వేడి ఎరువు తెచ్చి వేశాను. మిగతా అయిదూ పొగలు కక్కుతుంటే అది మాత్రం చల్లగా, చెయ్యి పెడితే గోళ్ళ దాకా చల్లగా ఉండేది. నేను పెద్దగా చదువుకోకపోయినా వెర్రిదాన్ని కాదు, దానికి కారణాలు సవాలక్ష ఉంటాయి. అయినా ఆ తొట్టి దగ్గర ఒంటరిగా నిలబడడం మానేశాను.

పది రోజులు చివరింటి బకెట్టు తలుపు గొళ్ళానికి ఖాళీగా వేలాడింది. పదకొండో రోజు అందుకోబోతే బరువు. అక్కడే మూత తీశాను. అన్నం, కూర, ఒలిచిన గుడ్డు. చెయ్యి పెట్టలేదు. తలుపుకి తాళం వేసి ఉంది. లోపల మనుషులు లేరు.

లిఫ్టులో కూలబడి తాతతో చెప్పాను, "తాతా, బామ్మ అన్నం వస్తోంది."

"దెయ్యాలు తినవు కదే పిచ్చిదానా, అందుకే మిగిలిపోయి ఉంటుంది" అని నవ్వాడు. నా ముఖం చూసి ఆ నవ్వు మింగేశాడు.

మర్నాడు వచ్చింది. ఆ మర్నాడూ వచ్చింది. ఒక సాయంత్రం బకెట్టు అందుకుంటూ, "తిన్నారా బామ్మా?" అనేశాను. అలవాటైన నోరు కదా, నా ప్రమేయం లేకుండా అనేసింది. అన్నాక, తాళం వేసిన తలుపు ముందు జవాబు కోసం నిలబడిపోయాను. బామ్మ బతికున్నప్పుడు ఒక్కరోజైనా అలా నిలబడలేదు. నాకు ఏడుపొచ్చింది.

భయం కొంచెం సర్దుకున్నాక ఇంకో అనుమానం పట్టుకుంది. ఆ ఇంట్లో మిగిలింది ఒక్కడే. తల్లి మీద బెంగతో ఇప్పుడు అతను తిండి మానేశాడా? మళ్ళీ ఒక మనిషి నా బకెట్టులోంచే కరిగిపోతుంటే మళ్ళీ నేను చూస్తూ ఊరుకుంటున్నానా? అయినా తలుపు తట్టడానికి ధైర్యం చాలలేదు. తడితే అడగాలి. అడిగితే, మా అమ్మని ఎందుకు అడగలేదన్న మాట వస్తుంది. గుమ్మడికాయల దొంగ అంటే భుజాలు తడుముకున్నట్టు, అతని బస్సు వీధిలో హారన్ కొట్టినా నేను ఉలిక్కిపడేదాన్ని.

ఆ అన్నం రావడం మొదలైన పంతొమ్మిదో రోజు ఇక ఉండబట్టలేక ఏడున్నరకి వెళ్ళి తలుపు కొట్టాను. డ్రైవరు యూనిఫాం విప్పకుండానే తీశాడు. లోపల కుట్టు మిషను మీద దుప్పటి కప్పి ఉంది.

"తిన్నావా బాబూ?"

"అయ్యింది పిన్నీ."

"అలా కాదు. నిజంగా అడుగుతున్నా. రోజూ నీ బకెట్టు చూస్తున్నాను. నువ్వు తినడం లేదు. నేను ఇక్కణ్ణుంచి కదిలేది లేదు, నా ముందు కూర్చుని తినాల్సిందే."

అతను పక్కకి జరిగి నాకు కుర్చీ చూపించాడు.

"నేను తింటూనే ఉన్నా పిన్నీ. మధ్యాహ్నం డిపో క్యాంటీన్లో, రాత్రి ఇక్కడ. బకెట్టులో వచ్చేది నాది కాదు, అమ్మ వాటా. పొద్దున్నే వండి, బకెట్టులో వేసి, గొళ్ళానికి తగిలించి పోతున్నా."

"ఎందుకయ్యా?"

"మీరెప్పుడు అడుగుతారో చూద్దామని."

అతను మిషను పక్కనున్న డబ్బా అందుకున్నాడు.

"బొత్తాల డబ్బాలో మీ చీటీలు రెండు దొరికాయి" అన్నాడు. గొంతు పెంచలేదు, కోపంగా కూడా లేదు. "వండిన తిండి ఎక్కువ అని రాశారు. మా ఇంట్లో మెతుకు మిగలదే, మరి ఎక్కువైంది ఎవరి తిండా అని ఆలోచించా. పంతొమ్మిది రోజులు పట్టింది మీకు."

అప్పుడు చెప్పాను. బకెట్టు సంగతి, చీటీల సంగతి, ఆకుల్లో పొట్లాలు, ఏడని కూడా చెప్పాను. తనిఖీ అయ్యాక అడుగుదామనుకున్నానని చెప్పేటప్పుడు అతని ముఖంలోకి చూడలేకపోయాను. తిడితే బాగుండునని కూర్చున్నాను. కొట్టినా పడేదాన్ని.

"మిమ్మల్ని అనడానికి నాకు నోరెక్కడిది?" అన్నాడు. "ఒకే కప్పు కింద ఉన్నాను. రాత్రి నాతో కూర్చుని రెండు ముద్దలు తినేది. అదేంటమ్మా అంటే, మధ్యాహ్నం కడుపునిండా తిన్నాన్రా అనేది. సరే అనేవాణ్ణి. నాకు తెలీలేదు, మీకు తెలుసు. అందుకే ఒక్కటి అడుగుతా, నిజం చెప్పండి. ఏ రోజు నుంచి?"

గుర్తులేదు బాబూ అనే మాట నాలుక చివరిదాకా వచ్చింది. అతను దాన్ని నమ్మేవాడు, ఇద్దరం బయటపడేవాళ్ళం. కానీ ఈ లోకంలో ఆ రోజు తెలిసిన మనిషిని నేనొక్కదాన్నే. దాన్ని కూడా పాతిపెట్టడం నా వల్ల కాలేదు.

"మొదటి చీటీ అంటించింది పన్నెండో తారీకు, శుక్రవారం. ఆ వారం మంగళవారం నుంచి. అంతకుముందు ఒక్క మెతుకు వచ్చేది కాదు."

"మంగళవారం" అన్నాడు. "తొమ్మిదో తారీకు."

వేళ్ళ మీద రోజులు లెక్కపెట్టుకున్నాడు.

"అంతకుముందు నాకు రెండింటికి డ్యూటీ. మధ్యాహ్నం ఇద్దరం కలిసి తిన్నాకే వెళ్ళేవాణ్ణి. వచ్చేసరికి అర్ధరాత్రి దాటేది. తొమ్మిదో తారీకు నుంచి పగటి డ్యూటీ వేశారు." మిషను మీది దుప్పటి సర్దుతూ అన్నాడు, "రాత్రిళ్ళు అమ్మ ఒక్కతే ఉంటోందని, నేనే డిపో చుట్టూ తిరిగి, బతిమాలి మార్పించుకున్నా పిన్నీ."