ఎడమ వైపు గడులు

మా ఆయన లోకనాథ్ చెస్‌లో ఇంటర్నేషనల్ మాస్టర్. గ్రాండ్‌మాస్టర్ కావడానికి మూడు నార్ములు, అంటే పెద్ద టోర్నమెంట్లలో బాగా ఆడి తెచ్చుకునే అర్హతలు కావాలి, రెండు వేల ఐదు వందల రేటింగ్ కావాలి. నార్ములు మూడూ ఆరేళ్ళ కిందటే వచ్చేశాయి. రేటింగ్ మాత్రం రెండు వేల నాలుగు వందల తొంభై ఒకటి దగ్గర ఆగిపోయింది. ఇంకా తొమ్మిది పాయింట్లు.

వాళ్ళది అంతర్వేది పక్కన సముద్రంలో చేపల వేటకెళ్ళే కుటుంబం. మా మామగారు చిట్టియ్య గారికి బోటు తప్ప మరోటి తెలియదు. తొంభై ఆరు తుఫానుకి ఊరంతా స్కూల్లో తలదాచుకుంటే, పిల్లలు భయపడకుండా ఉండాలని ఒక మాస్టారు చెస్ బోర్డు తీశారట. అప్పుడు ఈయనకి ఎనిమిదేళ్ళు. మూడో రోజుకి మాస్టార్నే ఓడించారు. అక్కడ మొదలై, పదిహేడు దేశాల్లో ఆడొచ్చారు.

మొన్న ఫిబ్రవరిలో, భీమవరంలో మా ఇంట్లోనే ఆన్‌లైన్ క్లాసు చెబుతూ కుర్చీలోంచి పక్కకి ఒరిగిపోయారు. పక్షవాతం. ఎడమ చెయ్యి, కాలు రెండు నెలల్లో దారికొచ్చాయి. ఆ తర్వాతే అసలు సంగతి బయటపడింది. కంచంలో కుడి సగమే తినేవారు. గడ్డం కుడి చెంప వరకే గీసుకునేవారు. కళ్ళు బాగానే ఉన్నాయని, ఎడమ వైపు ఒకటుందన్న సంగతే మెదడు పట్టించుకోవడం లేదని డాక్టరు గారు నాకు చెప్పారు. ఈయనకి చెబితే నవ్వారు. "నాకన్నీ కనిపిస్తున్నాయి సత్యా" అన్నారు.

మే నెలలో రాజమండ్రిలో ఓపెన్ టోర్నమెంట్ పెట్టారు. వద్దన్నాను. ఆయన రెండు రోజులు అన్నం ముట్టలేదు. మూడో రోజు నేనే ఎంట్రీ పంపాను. నేను కాలేజీలో లెక్కలు చెబుతాను, ఒకప్పుడు రాష్ట్రం తరఫున చెస్ ఆడాను. ఏం జరుగుతుందో నాకు తెలుసు. తెలిసే పంపాను.

పొద్దున పది గంటలకి మొదటి రౌండు. ఎదుట నిడదవోలు నుంచి వచ్చిన సామ్యేలు గారు, రైల్వేలో రిటైరైన మనిషి. మామూలుగా అయితే గంటలో ముగిసే ఆట. నేను తాడు అవతల నిలబడి చూస్తున్నాను. పదిహేడో ఎత్తులో సామ్యేలు గారు బిషప్‌ని మా ఆయనకి ఎడమ చివర, ఏ6 గడిలో పెట్టారు. ఈయన అది కాగితం మీద రాసుకున్నారు. రెండు ఎత్తుల తర్వాత తన రూక్‌ని సరిగ్గా దాని దారిలోకే జరిపారు. సామ్యేలు గారు చాలాసేపు చూశారు, ఏదో ఎర వేశారేమోనని. చివరికి బిషప్‌తో రూక్‌ని తీశారు.

మా ఆయన గడియారం ఆపి చెయ్యి ఎత్తారు. తీర్పు చెప్పే ఆర్బిటరు శ్యామలాంబ గారు వచ్చారు.

"ఈ బిషప్ అక్కడ లేదండి. ఈయన ఇప్పుడు తెచ్చి పెట్టారు" అన్నారు మా ఆయన.

హాలు మొత్తం తల తిప్పింది. సామ్యేలు గారి మొహం పాలిపోయింది. శ్యామలాంబ గారు మా ఆయన రాసిన కాగితం ఆయన ముందుకే జరిపి, పదిహేడో నంబరు మీద వేలు పెట్టారు. ఆయన దస్తూరీయే.

"డ్రా చేసుకుందామండి" అన్నారు సామ్యేలు గారు మెల్లగా. "మీ ఆట చూసి నేర్చుకున్నవాణ్ణి నేను."

ఈయన ఓటమి సంతకం పెట్టి, క్షమించమని చేతులు జోడించి, బయటికి నడిచారు. నేను పరిగెత్తాను. రోడ్డు దాటుతుంటే ఎడమ వైపు నుంచి ఆటో వచ్చింది. చొక్కా పట్టుకుని వెనక్కి లాగాను. ఆటో అతను తిట్టి వెళ్ళిపోయాడు.

"హారన్ కొట్టలేదు వాడు" అన్నారు.

"కొట్టాడండి. రోడ్డంతా వినబడింది."

ఒక మూసేసిన షాపు మెట్ల మీద కూలబడ్డారు. "తొమ్మిది పాయింట్లు సత్యా. ముప్ఫై ఏళ్ళు ఆడి తొమ్మిది పాయింట్లు. చెస్ పోతే నేనేం చెయ్యాలి? నాకింకేం వచ్చు?"

నా జడ రిబ్బను, ఎర్రది, తీసి చేతిలో పెట్టాను. "బోర్డుకి ఎడమ అంచున దీన్ని అంటిద్దాం. ప్రతి ఎత్తుకీ ముందు ఇది కనబడేదాకా తల తిప్పండి. ఇది కనబడితే బోర్డంతా కనబడినట్టే."

శ్యామలాంబ గారు ఒప్పుకున్నారు.

మధ్యాహ్నం మూడింటికి రెండో రౌండు. ఎదుట సురేంద్ర, భీమవరంలోనే ఇంజనీరింగ్ చదివే కుర్రాడు, బాగా ఆడతాడు. మా ఆయన ప్రతి ఎత్తుకీ తల ఎడమకి తిప్పి, రిబ్బను వెతికి, అక్కణ్ణుంచి ఒక్కో గడే చూసుకుంటూ వచ్చారు. బావిలోంచి చేద లాగినట్టు లాగారు ఆ ఆటని. పెళ్ళికి ముందు నేను చూసిన మనిషి మళ్ళీ కనబడ్డారు. ఒక గుర్రాన్ని బలిచ్చి ఎదుటి రాజు చుట్టూ కట్టు బిగించారు. సురేంద్ర తల పట్టుకున్నాడు.

కానీ టైము కరిగిపోయింది. ముప్ఫై ఒకటో ఎత్తుకి ఒక్క నిమిషం కూడా లేదు. రెండెత్తుల్లో మేటు, ఆట గెలిచేసినట్టే. క్వీన్‌ని కుడి వైపే జరపాలి, ఎడమతో పనే లేదు. ఆయన చెయ్యి లేచింది. మళ్ళీ ఆగింది. పొద్దుటి భయం. తల ఎడమకి తిరిగింది. రిబ్బను దొరకలేదు. వెతుకుతున్నారు. నేను నోటికి చెయ్యి అడ్డం పెట్టుకున్నాను. గడియారం సున్నా చూపించింది.

"సార్, ఇది నేను ఓడిపోయిన ఆట కదా" అన్నాడు సురేంద్ర.

"టైము కూడా ఆటే బాబూ" అని చెయ్యి కలిపారు.

తర్వాత తనే ఆర్బిటరు బల్ల దగ్గరికి వెళ్ళారు. టోర్నమెంట్ నుంచి తప్పుకుంటానన్నారు. శ్యామలాంబ గారు కాగితం తీసి, "అనారోగ్యం అని రాస్తానండి" అన్నారు.

"అలా వద్దు మేడమ్. ఎడమ పక్క కనబడడం లేదు అని రాయండి."

ఆ మాట ఆయన నోట వినడం నాకు అదే మొదటిసారి. డాక్టరు గారు నెల రోజులుగా ఆ ఒప్పుకోలు కోసమే చూస్తున్నారు, అది లేనిదే వైద్యం ముందుకు సాగదన్నారు. నాకు మాత్రం ఆ క్షణంలో సంతోషం కలగలేదు. ఏదో పోయినట్టే అనిపించింది.

సాయంత్రం రైల్లో కిటికీ పక్కన కూర్చోబెట్టాను. నిడదవోలు జంక్షన్లో బండి ఆగాక అడిగారు.

"మేటు నువ్వు చూశావా?"

"చూశానండి."

"నేనూ చూశాను."

బండి కదిలింది. నా భుజం మీద తల పెట్టి ఏడవడం మొదలుపెట్టారు. తణుకులో ఎక్కిన వాళ్ళు మమ్మల్ని చూసి వేరే సీట్లకి వెళ్ళారు. అత్తిలి దాటినా ఆగలేదు. నేను ఆపలేదు.