ఏడుపు రెండు

స్టాప్‌వాచీ నొక్కి, మాస్టారు గాలిలో వేలితో తాళం వేసుకుంటున్నారు. ఎదురుగా తెర మీద సీరియల్లోని అత్తగారు చప్పుడు లేకుండా చనిపోతోంది. కోడలు మొహానికి చేతులు అడ్డం పెట్టుకుని కూలబడేసరికి అరవై ఎనిమిది సెకన్లు. ఆయన కట్టిన బాణీ కూడా సరిగ్గా అంతే.

మనిషి బక్కపలచన. చొక్కా జేబులో ఎప్పుడూ రెండు పెన్సిళ్లు, హార్మోనియం మెట్ల మీద అరిగి నున్నబడ్డ వేళ్లు. నాలుగు సినిమాలకు సంగీతం చేశారు. వాటిలో రెండు విడుదలయ్యాయి, ఒకటి ఆడింది, అదీ పాటల వల్ల కాదు. ఆ తర్వాత ముప్ఫై ఏళ్లుగా సీరియళ్లే. అనుమానం, కుట్ర, తలుపు తెరుచుకోవడం, ఏడుపు, అన్నిటికీ ఆయన కట్టిన సంగీతం ముక్కలు నంబర్లతో ఎడిటర్ దగ్గర ఉన్నాయి. వాటిలో 'ఏడుపు రెండు'కి ఉన్న పేరు ఆయనకి లేదు. వయొలిన్ వాయించే ఆయన బస్సు తప్పిపోతుందని తొందరపెడితే పది నిమిషాల్లో కట్టిన ముక్క అది. తొమ్మిది సీరియళ్లలో ఎవరు పోయినా అదే మోగింది.

కిందటేడు భార్య పోయిన రోజు పక్కింటి టీవీలోంచి కూడా అదే వినిపించింది. ఆవిడ పక్కన కూర్చున్న మాస్టారు సిగ్గుతో చితికిపోయారు. దుఃఖం అలా ఉండదని అప్పుడు తెలిసింది. ఆనాటి నుంచి చెక్కుతున్నదే ఈ కొత్త బాణీ. ఒక్కసారి, ఒక్క ఎపిసోడ్‌లో జనం చెవిన పడితే చాలనుకున్నారు.

"దీనికేం పేరు పెట్టమంటారు మాస్టారూ, ఏడుపు పన్నెండా?" పెన్‌డ్రైవ్ మీద కాగితం ముక్క అంటిస్తూ ఎడిటర్ అడిగాడు. పదిహేనేళ్లుగా ఇద్దరిదీ ఒకే గది, ఒకే ఫ్యాను.

"అది ఏడుపు కాదయ్యా."

"మరేంటి?"

ఆయనకి చెప్పడం రాలేదు. ఎడిటర్ 'ఏడుపు పన్నెండు' అనే రాశాడు.

తప్పు మాస్టారిదే. కొత్తది తయారయ్యేదాకా ఏడుపు రెండు పెట్టుకుని కట్ చేసుకోండి అని వారం కిందట తనే అన్నారు. ఈ వారంలో దర్శకుడు ఆ సీను యాభైసార్లు చూశాడు, యాభైసార్లూ ఆ ముక్కతోనే.

ఇప్పుడు కొత్తది విని మెడ గోక్కున్నాడు. "బాగుంది మాస్టారూ. కానీ ఏడుపు రావట్లేదు. ముందున్నదే ఉంచేద్దాం."

"అదీ నాదే కదా బాబూ."

"మీదే. అందుకేగా ధైర్యంగా చెబుతున్నా."

తన చేతిలో తనే ఓడిపోయిన మనిషి ఎవరికని మొరపెట్టుకుంటాడు? "ఒక్కసారి కళ్లు మూసుకుని విను," అన్నారు మాస్టారు. దర్శకుడు మర్యాదస్తుడు, మూసుకున్నాడు. ఇరవయ్యో సెకనుకి అతని ఫోన్ మోగింది. బయటికెళ్లి మాట్లాడి, తలుపులోంచి తల మాత్రం పెట్టి, "పాతదే, సరేనా?" అన్నాడు.

"నీ ఇష్టం," అన్నారు మాస్టారు. నవ్వారు కూడా. కోపం రావలసిన చోట నవ్వడం ఆయనకి చిన్నప్పటి నుంచీ ఉన్న తెగులు.

మధ్యాహ్నం ఇంటికొచ్చి, కూతురు వడ్డించిన భోజనం సగంలో వదిలేశారు. "నీరసంగా ఉందమ్మా, కాసేపు పడుకుంటా," అన్నారు. నాలుగింటికి ఆమె కాఫీ తెచ్చి పిలిస్తే పలకలేదు.

కబురు విని దర్శకుడు నిజంగానే కళ్లనీళ్లు పెట్టుకున్నాడు. ఆ సాయంత్రం ఎపిసోడ్ చివర మాస్టారి ఫోటో ఇరవై సెకన్లు వెయ్యమన్నాడు. ఎడిటర్ పెన్‌డ్రైవ్ పెట్టి కొత్త బాణీ చివరిదాకా విన్నాడు. మళ్లీ విన్నాడు. ఫోటోకి సరిపడా ఇరవై సెకన్ల దగ్గర కొయ్యబోతే చెయ్యి రాలేదు. ప్రసారానికి వేళ మించిపోతోంది. ఫోటో కింద ఏడుపు రెండు వేసి పంపేశాడు.

తర్వాత పెన్‌డ్రైవ్ తీసి, దాని మీద 'ఏడుపు' అన్న మాట కొట్టేశాడు. బదులు ఏం రాయాలో అతనికీ తోచలేదు. మాస్టారి స్టాప్‌వాచీ పక్కన, బల్ల మీద, పన్నెండు అన్న ఒక్క మాటతో అది అలాగే ఉండిపోయింది.