రెప్పచుక్క

పల్లంరాజుకి చూపు పోయిన సంగతి పల్లంరాజుకి తప్ప ఇంకో మనిషికి తెలియదు. అలాగని ఆయన నమ్మకం.

కోరంగికి దిగువన, గోదావరి పాయ సముద్రంలో కలిసే మొగ దగ్గర ఉంది వాళ్ళ పల్లె. వేకువన తూర్పున పొడిచే రెప్పచుక్కని చూడందే అక్కడ పడవ కదలదు. పాడు చుక్క, మిగతా చుక్కల్లా బుద్ధిగా వెలగదు. ఒకసారి పదకొండు రోజులకి, ఒకసారి పందొమ్మిది రోజులకి, రెప్ప వాల్చినట్టు మసకబారుతుంది. ఆ రోజున మొగ దాటితే గంగమ్మ ఊరుకోదని తాతలనాటి మాట. చుక్కని చూసే హక్కు పల్లంరాజు ఇంటిది. ఆయన మాట చెప్పేదాకా మగవాళ్ళంతా తలలు వంచుకుని నిలబడాలి, ముందుగా పైకి చూస్తే దోషం. తర్వాత చూద్దామన్నా తెల్లవారి చుక్క కనపడదు. ఇంకో కట్టుబాటు కూడా ఉంది. 'బాగుంది' అంటే, అన్నవాడి ఇంటి పడవే ముందు మొగ దాటాలి.

చుక్క కనపడే నెలల్లో ఆ ఇంట్లో రోజుకో చిన్న ముడి, మసకబారిన నాడు పెద్ద ముడి తాడుకి వేసేవారు. మూడు తరాల ముళ్ళు అటక మీద చుట్టలు చుట్టలుగా ఉండేవి. సంపూర్ణ సూర్యగ్రహణం పట్టిన ఏడు దుర్భిణితో వచ్చిన ఒక దొర ఆ మాట విని పల్లెకి దిగాడు. ముళ్ళు లెక్కపెట్టి లెక్కపెట్టి, పల్లంరాజుకి దణ్ణం పెట్టినంత పని చేశాడు. ఆ చుక్క చుట్టూ కంటికి కనపడని చుక్కలేవో తిరుగుతున్నాయట. అవి అడ్డం వచ్చినప్పుడల్లా ఇది మసకబారుతుందట. ఇన్నేళ్ళ లెక్క సీమలో ఏ పండితుడి దగ్గరా లేదని దుబాసీ చేత చెప్పించాడు. ఏడాదిలో తిరిగి ఇచ్చేస్తానన్నాడు. మా ఇంటి తాడు లోకానికే కావలసి వచ్చిందని పల్లంరాజు ఉబ్బి తబ్బిబ్బై చుట్టలన్నీ ఎత్తి ఇచ్చేశాడు. ఆరేళ్ళయింది. దొరా లేడు, తాడూ లేదు. అదే ఉంటే, వేళ్ళతో తడుముకునైనా తర్వాతి మసక ఎప్పుడో చెప్పేవాడు.

రెండేళ్ళుగా కళ్ళకి పొరలు కమ్మాయి. ఆ మాట బయటపెడితే హక్కు వరసకి మేనల్లుడైన పెదబాబు ఇంటికి పోతుంది. చచ్చినా ఒప్పుకోడు మనిషి! అనుమానం వచ్చినప్పుడల్లా "మసగ్గా ఉంది" అనేసేవాడు. ఆ కార్తీకంలో తొమ్మిది రోజుల్లో ఆరుసార్లు అలాగే అన్నాడు. పల్లెలో పొయ్యిల్లో పిల్లులు లేవడం మానేశాయి.

"ఏంటి మావా, చుక్కకి జబ్బు గానీ చేసిందా ఏంటి?" అన్నాడు పెదబాబు. నవ్వుతూనే అన్నాడు గానీ, ఇంకోసారి మసక అంటే పట్టుబడిపోతానని పల్లంరాజుకి తెలిసిపోయింది.

పదోనాటి వేకువన అందరూ తలలు వంచారు. పల్లంరాజు తూర్పుకి మొహం పెట్టాడు. గంజి వార్చినట్టు తెల్లగా ఉంది, అంతే.

"బాగుందిరా, దిగండి!" అనేశాడు.

ఆయన కొడుకు చినబాబు "అలాగే అయ్యా" అని ఇంటికెళ్ళి చద్దిమూట తెచ్చుకున్నాడు. తనతో పడవెక్కాల్సిన ఇద్దరినీ ఒడ్డునే ఉండమని, ఒక్కడే తోసుకుపోయాడు. మొగ దగ్గర కెరటం పడవని నిలువునా లేపి బోర్లా కొట్టింది. వెనక పడవలు దిగనే లేదు. మూడోనాడు శవం ఒడ్డుకి కొట్టుకొచ్చింది.

"నీ మాట తప్పు కాదు మావా. వాడి ఆయువే చాల్లేదు," అని పెదబాబు భుజం పట్టుకుని ఓదార్చాడు. పల్లంరాజు కుళ్ళి కుళ్ళి ఏడ్చాడు. ఆ ఏడుపులోనే, ఎవరికీ తెలియలేదు కదా అని ఓ మూల ఊరట కూడా కలిగింది. తన మీద తనకే అసహ్యం వేసింది.

పెద్దదినం అయ్యాక కోడలు లోవమ్మ గంజి తెచ్చింది. ఆయన వేళ్ళు పట్టుకుని ముంత చుట్టూ పెట్టింది.

"నీకు తెలుసా?" అన్నాడు ముసలాయన.

"ఆయనకీ తెలుసండి మావయ్యా. ఆ పూట దోషమైనా తలెత్తి చూశారంట. మసగ్గా ఉందే అని, చద్దిమూట అందుకుంటా నాతో చెప్పారు. వెళ్ళొద్దని కాళ్ళు పట్టుకున్నానండి. 'నేను ఆగితే అయ్యకి కళ్ళు లేవని ఊరంతటికీ తెలిసిపోద్ది' అన్నారు. ఎవరికీ చెప్పనని ఒట్టేయించుకుని మరీ వెళ్ళారు."

పల్లంరాజు గంజి ముట్టలేదు.

మర్నాటి వేకువన మగవాళ్ళు ఎప్పటిలాగే వచ్చి నిలబడ్డారు. ఆయన తూర్పుకి తిరగలేదు.

"ఇక నువ్వే చూడరా పెదబాబూ. రెండేళ్ళుగా నాకేమీ కనపడదు. ఆ రోజూ కనపళ్ళేదు."

పెదబాబు తలెత్తాడు, చుక్క వైపు కాదు, ముసలాయన మొహం వైపు.

"ఈ ముక్క ఆ రోజే అనుంటే ఏం పోయేది మావా?"

"నా పరువు పోయేదిరా," అన్నాడు పల్లంరాజు.