ఏడు వందల ఇరవై నాలుగు ముద్ర

నా పేరు రామలింగం. వరంగల్ల ఒక పెద్ద దవాఖానల ఇరవై ఆరేండ్లు రికార్డు క్లర్కుగ చేసిన. నా అసొంటి పనిమంతుడు ఇంకొకడు లేడని నేనే చెప్పుకుంట తిరిగేటోన్ని. నా నోరు పడిపోను.

ఎనభై మూడుల మాకు పైకెల్లి జబ్బుల నంబర్ల పుస్తకం వచ్చింది. డాక్టరు కేసు షీట్ల ఏం జబ్బు రాస్తె దానికి పుస్తకంల నంబరు ఎతికి రిజిస్టరుల ఎక్కియ్యాలె. వెన్నుపూసలు అరిగితె 721. పూసల నడుమ డిస్క్ అరిగితె 722. ఉత్త నడుము నొప్పి, కారణం తెల్వకుంటె 724. ఇననీకి సులువే. కాని ఒక్కొక్క షీటు తెరిచి, కోడి గెలికినట్టున్న ఆ రాత సదివి, పుస్తకం తిరగేసుకుంట కూసుంటె పొద్దుగూకుతది. మా దిక్కు నడుము నొప్పి లేనోడెవడు? నాట్లేసేటోళ్లు, బస్తాలు మోసేటోళ్లు, బండలు కొట్టేటోళ్లు, నెలకు రెండు వందల మంది వస్తుండిరి.

నేను తెలివి సూపించిన. చౌరస్తాల రబ్బరు ముద్రలు చేసేటాయనతోటి 724 అని ఒక ముద్ర చేయించిన. షీటు మీద నడుము అన్న మాట కనబడితె చాలు, ఠప్పుమని ఒక్కటి. లోపల ఏం రాసిండ్రో సూసుడు బంద్. నెలాఖరుకు అందరికంటె ముందు నా రిజిస్టరే పోతుండె. సూపరింటెండెంటు సారు "శెబాష్ రామలింగం" అన్నడు. పక్క టేబులు విజయలక్ష్మి "గిదేందన్నా, అందరికీ ఒకటే నంబరా?" అని అడిగితె "నీ పని నువ్వు సూసుకో చెల్లె" అని కసిరిన. సిగ్గులేని మొఖం నాది.

గప్పుడు వచ్చిండు గట్టయ్య. నూలు మిల్లుల హమాలి. పత్తి బేళ్లు మోసీ మోసీ నడుము పట్టుకపోయి మా దగ్గర పన్నెండు దినాలు పండుకున్నడు. బరువు లేని పని ఇయ్యిండ్రని మిల్లోళ్లను అడుక్కుంటె, దవాఖాన నుంచి కాయితం తెమ్మన్నరు. అసొంటి కాయితాలు రిజిస్టరు సూసే రాసియ్యాలె, మా కాడ రూలు గంతే. సూసిన. 724. "నడుము నొప్పి, కారణం తేలలేదు" అని టైపు కొట్టి, సారుతోటి సంతకం చేయించి, కవరు అంటించి, ఆయన పెండ్లాం బక్కమ్మ చేతుల పెట్టిన.

ఆమెకు సదువు రాదు. కవరు రెండు చేతులతోటి అందుకొని కండ్లకద్దుకున్నది. "నువ్వు సల్లగుండాలె సారూ, నీ పేరు చెప్పుకొని ఇంత తింటం" అన్నది. మర్నాడు ములుగు దిక్కు వాళ్ల ఊరికెల్లి గంపెడు సీతాఫలాలు తెచ్చి నా టేబులు కింద పెట్టి పోయింది. ఇంటికి తీస్కపోయి తిన్న. మంచిగనే తియ్యగున్నయ్.

వారం దాటలే. శుక్రారం నాడు మళ్ల వచ్చింది. "సారూ, మిల్లోళ్లు జబ్బే లేదంటాండ్రు, పనిదొంగ అంటాండ్రు. సోమారం నుంచి బేళ్లు మోస్తె మొయ్యి, లేకుంటె పేరు కొట్టేస్తం అన్నరట. జర నీ బుక్కు ఇంకోసారి సూడరాదు?"

లోపలికి పోయి కట్టలల్లకెల్లి గట్టయ్య షీటు తీసిన. డాక్టరు ఎంత సాఫ్ రాసిండో! నాలుగో పూసకు ఐదో పూసకు నడుమ డిస్క్ అరిగిపోయింది, ఎక్స్‌రేల కనబడుతాంది, బరువు మొయ్యొద్దు. మొయ్యొద్దు కింద రెండు గీతలు. దాని పక్కనే నీలం సిరాతోటి నా ముద్ర.

దిద్దుడు పెద్ద పనా? నంబరు కొట్టేసి 722 రాసి, తప్పయిందని చెప్పి సారు సంతకం తీసుకుంటె సాయంత్రానికి కొత్త కాయితం తయారైతుండె. కాని సారు ఆ ఒక్కటే సూసి ఊకుంటడా? రిజిస్టరంత తిరగేస్తడు. ఏ పేజీ తీసినా నా ముద్రలే. శెబాష్ అన్న నోటితోనే థూ అంటడు. విజయలక్ష్మి ముంగట ఇజ్జత్ పోతది. బయటికొచ్చి, బక్కమ్మ మొఖం సూడకుంట చెప్పిన.

"రికార్డుల అట్లనే ఉందమ్మా. నా చేతుల ఏం లేదు."

"గంతేనా సారూ" అని ఎల్లిపోయింది.

బుధారం పొద్దున గట్టయ్యను మిల్లోళ్లు రిక్షాల ఏసుకొచ్చిండ్రు. బేలు లేపుతాంటె కూలబడ్డడట. రెండు కాళ్లు సచ్చుబడ్డయ్, గిల్లినా తెలుస్తలేదు. డాక్టరు పాత షీటు తెప్పించుకొని "మొయ్యొద్దని రాస్తిని గదా, ఎవడు మోయించిండు ఈయనతోటి?" అని మిల్లోళ్లను తిట్టబట్టిండు. నేను ఆడ్నే నిలబడి ఉన్న.

పగటిపూట వరండాల బక్కమ్మ నన్ను సూసి లేచి నిలబడ్డది.

"సారూ, ఇంకో కాయితం రాసియ్యి. పోయినసారి నువ్వు మంచిగనే రాసినవ్, ఆ మిల్లోళ్లే సక్కగ సదవలే. ఈసారి జర పెద్దగ రాయి."

చెప్పుతోని కొట్టినా గంత సిగ్గు కాకపోతుండె. ఇంక ఆగలేకపోయిన.

"వాళ్లు సక్కగనే సదివిండ్రు బక్కమ్మా. నేనే తప్పు రాసిన. నువ్వు రెండోసారి వచ్చిననాడే నాకు ఎరుకైంది. ఎరుకై గూడ చెప్పలే."

తిడుతదనుకున్న. నలుగుర్ని పిలుస్తదనుకున్న. ఆమె కొంగు సర్దుకున్నది.

"ఆనాడు శుక్రారమే గద సారూ" అన్నది. "సోమారానికి ఇంక మూడు దినాలుండె."