రాతి అవ్వ ఒడి

మామగారి మీద కోడలికి ఫిర్యాదులేమీ లేవు, ఒక్కటి తప్ప. కంటికి కనిపించిందల్లా ఆయన కడిగేస్తారు. గిన్నెలయ్యాక గోడలు, గోడలయ్యాక గేటు. నీడని తోమకుండా వదిలేశారంటే, అది చేతికి చిక్కదు కాబట్టే. పైగా ‘పొరపాటైంది’ అన్న మాట, నలభై ఏళ్ళ కాపురంలో ఆయన నోట విన్న పాపాన పోలేదంటారు అత్తగారు.

అది రాళ్ళకి జ్ఞాపకం ఉండే లోకం. గడప ఇంటివాళ్ళ అడుగు గుర్తుపట్టి కాస్త వంగేది. తిరగలిని పొద్దున్నే పలకరించకపోతే అలిగి, పిండి బరకగా విసిరేది. మామగారు పేరుమోసిన రాతిపనివాడే. అయినా ఒకసారి సొంతింటి గడప నల్లబడిందని అరంగుళం చెక్కి నునుపు చేశారు. ఆర్నెల్లపాటు అది ఎవర్నీ గుర్తుపట్టక ఇంటిల్లిపాదినీ బోర్లా పడేసింది. మామగారు రెండుసార్లు పడ్డారు. తప్పు చెప్పులదన్నారు.

ఆ ఊళ్ళో సంతవీధి మలుపులో రాతి అవ్వ కూర్చుని ఉంటుంది. ఎవరు చెక్కారో తెలీదు గానీ ఆ చేతికి దణ్ణం పెట్టాలి. కాస్త వంగిన వీపు, దగ్గరికి చేర్చిన మోకాళ్ళు, ఒడికి అటూ ఇటూ తెరిచిన అరచేతులు. నిద్రపోతున్న పిల్లని లేపకుండా ఎవరినో గుసగుసగా కసురుతున్నట్టుండే ముఖం. రాతిలో కసురు చెక్కడం తేలికే. గుసగుస చెక్కాడే, అదీ పనితనం! పాదాలు మాత్రం చెక్కలేదు. ఈవిడకి ఇంకెక్కడికీ పోయే పని లేదనుకున్నాడు కాబోలు.

ఆ ఒడి మంచుకాలంలోనూ వెచ్చగా ఉండేది. నెలలు నిండకుండా పుట్టిన పిల్లల్ని అందులో పడుకోబెడితే, పొయ్యి సెగకి నిలవని ప్రాణాలు కూడా నిలిచేవి. కోడలి మొగుడు అలా నిలిచినవాడే. పనికి పోయేవాళ్ళంతా ఆ ఒడి మీద ఓసారి అరచెయ్యి ఆనించి పోయేవారు. తరతరాల చేతుల జిడ్డుతో అది నల్లగా నిగనిగలాడేది.

ఆ నలుపు మామగారి కంటబడింది. “మురికి!” అన్నారు. ఊరిపెద్దల్ని ఒప్పించి ఎనిమిది రోజులు తోమారు. అవ్వ పాలలా తెల్లగా తేలింది. చుట్టూ తాడు కట్టి, ‘ముట్టరాదు’ అని పలక వేలాడదీశారు. ఊరంతా మెచ్చుకుంది. నిజం చెప్పొద్దూ, కోడలూ మెచ్చుకుంది.

నెల తిరిగేసరికి ఆడపడుచుకి ఏడో నెలలోనే కాన్పయింది. పిల్ల గుప్పెడంత. మంత్రసాని దాన్ని శాలువాలో గుండెకి హత్తుకుని, “పదండి అవ్వ దగ్గరికి,” అంది. అత్తగారు, మామగారు, కోడలు వెంట పరుగెత్తారు.

తాడు కింద నుంచి దూరి ఒడిలో చెయ్యిపెట్టిన అత్తగారు చటుక్కున వెనక్కి లాక్కున్నారు. “ఇదేంటమ్మాయ్, నూతినీళ్ళలా ఉంది!”

“కొత్తగా కడిగిన రాయి. ఆరొద్దూ?” అన్నారు మామగారు.

“నెల్రోజులా? మీ పంచైతే ఈపాటికి ఆరి, చిరిగి, మసిగుడ్డయ్యేది.”

“మీరు తర్వాత పోట్లాడుకోండి,” అంది మంత్రసాని. “పిల్ల పెదాలు నీలంగా మారుతున్నాయి.”

కోడలు అవ్వ ముఖంలోకి చూసింది. ఆ కసురు తన మీదే అనిపించింది.

“మామయ్యగారూ, మన గడప మళ్ళీ ఎలా దారికొచ్చింది?”

“ఎలా ఏముంది, అందరం తొక్కగా తొక్కగా...” అంటూనే ఆయన తాను తోమిన ఒడి వైపు చూశారు.

కోడలు అప్పటికే రెండు చేతులూ ఒడిలో ఆనించింది. “రొట్టెలక్కా!” అని ఎదురుకొట్టు ఆవిణ్ణి కేకేసింది. “నీ చేతులు పొయ్యిలోంచి వచ్చినవేగా, ఓసారి ఇటు పట్టుకురా!”

రొట్టెలక్క వచ్చింది. ఆమె వెనకాల మూటలు మోసేవాళ్ళు, కూరలవాళ్ళు. దర్జీ మాత్రం తాడు దగ్గర ఆగాడు. “ముట్టరాదని రాసుందే?”

“రాసినాయన ఇక్కడే ఉన్నారు, అడుగు,” అన్నారు అత్తగారు.

మామగారు ఎప్పుడూ భుజాన ఉండే పనిసంచిలోంచి ఉలి తీసి తాడు కోసేశారు. పలకని తిరగేసి చంకలో పెట్టుకున్నారు.

చెయ్యి మీద చెయ్యి పడింది. నూతినీళ్ళ చలి విరిగింది. గోరువెచ్చగా తగిలింది. వెచ్చదనం అక్కడితో ఆగింది.

“ఇంకొంచెం కావాలి,” అంది మంత్రసాని. “ఇంకెవరున్నారు?”

అందరూ మామగారి వైపు చూశారు. ఆయన చేతులు వెనక్కి కట్టుకుని ఉన్నారు.

“తోమడానికి ముందుకొచ్చిన చేతులేగా,” అన్నారు అత్తగారు, ఈసారి మెత్తగా. “ఇటు పెట్టండి. మన పిల్లాణ్ణి ఇక్కడ పడుకోబెట్టింది మీరే కదా.”

కాయలు కాచిన అరచేతులు ఒడిలోకి దిగాయి. పైపొర పోయినా రాయి అడుగున ఆ చేతుల జ్ఞాపకం మిగిలే ఉంది కాబోలు, పాత చుట్టాన్ని గుర్తుపట్టినట్టు ఒడి ఒక్కసారిగా వెచ్చబడింది. మంత్రసాని పిల్లని దింపింది. నీలి పెదాలు ఎర్రబడ్డాయి. గుప్పెడంత పిల్ల ఊరంత కేక పెట్టింది.

అవ్వ మోకాళ్ళ మీద అప్పుడే సన్నటి నల్లని జిడ్డు తేలింది. మామగారి చెయ్యి అలవాటుకొద్దీ భుజం మీది తువ్వాలు అందుకుంది. మోకాళ్ళ దాకా వెళ్ళి ఆగింది. ఆయన ఆ తువ్వాలు మడతపెట్టి పిల్ల తల కింద సర్దారు.

“మురికి కాదే అది,” అన్నారు భార్యతో, వీధంతా వినేలా. “తప్పు నాదే. గడప విషయంలో కూడా.”