మోటారు అనకూడని ఇల్లు

రోజూ పొద్దున్నే ట్యాంకులో నీళ్ళు అయిపోతాయి. మార్తమ్మ వంటింటి కిటికీలోంచి తోటపని చేసే పరశురాంని కేకేస్తుంది: "తమ్ముడూ, మోటారు వెయ్యి." ఆ మాట పూర్తయ్యేసరికి హాల్లో కాఫీ తాగుతున్న గెన్నాది సారు మీద మంచు కురుస్తుంది. సోఫా, తివాచీ, ఆయన బట్టతల, అన్నీ తెల్లబడతాయి. అదంతా తుడిచేసరికి మార్తమ్మ నడుం పడిపోతుంది.

"చలిదేశం వాళ్ళింట్లో చేస్తే ఇంతే," అని విసుక్కుంటుందే తప్ప, ఇదేమిటని ఆవిడ ఎప్పుడూ అడగలేదు. బహ్రెయిన్‌లో ఆ బుదైయా ఊళ్ళో పక్కింటివాళ్ళూ అడగలేదు.

సారు ఏడేళ్ళప్పుడు సోవియట్ దేశంలో సినిమా హీరో. మంచులో తప్పిపోయిన పిల్లాడి వేషం. అక్కడ కెమెరా తిప్పమనడానికి డైరెక్టరు అరిచే మాట కూడా 'మోటారే'. అలా నలభైసార్లు అరిచి, నలభైసార్లూ పిల్లాణ్ణి మంచులో నిలబెట్టి ఏడిపించాడు. ఆ సినిమా దేశమంతా చూసింది. అప్పట్నుంచీ ఆ మాట చెవిన పడితే చాలు, ఆయన ఎక్కడుంటే అక్కడ మంచు. ఎండాకాలం సీనులో మంచు కురిపించే నటుడికి వేషాలెవరిస్తారు? పన్నెండేళ్ళకే ఇంట్లో కూర్చోబెట్టారు. చివరికి పియానో నేర్చుకుని, ఆ మాట వినబడని ఎడారి వెతుక్కుంటూ బహ్రెయిన్ వచ్చి, జల్లాఖ్‌లో ఒక రిసార్టులో వాయించే పనిలో చేరి, పోయి పోయి ఇద్దరు తెలుగువాళ్ళని ఇంట్లో పెట్టుకున్నాడు. ఆయన ఖర్మ అలా కాలింది.

పియానోలో మంచు పడిన రోజు ఆయనకి తిక్క రేగింది. "ఇంకొక్కసారి ఆ మాట వినబడితే ఇద్దరికీ వీసా క్యాన్సిల్. ఖలాస్."

"ఇప్పటిసంది పంపు అనక్కా," అన్నాడు పరశురాం. ఆవిడకి తన నాలుక మీద నమ్మకం లేదు. ఈ ఉద్యోగం పోతే కూతురు అక్సా నర్సింగు చదువు ఆగిపోతుంది. అందుకని నోరు మూసుకుని సైగలు మొదలుపెట్టింది.

జులైలో ఒక మధ్యాహ్నం కుళాయి ఆగిపోయింది. మార్తమ్మ కిటికీలోంచి మేడమీది ట్యాంకు చూపించి చెయ్యి గుండ్రంగా తిప్పింది. మోటారు వెయ్యమని ఆవిడ చెప్పడం. ట్యాంకు తోమమంటోందనుకుని పరశురాం బ్రష్షు పట్టుకుని మేడెక్కాడు.

అరగంటైనా నీళ్ళు రాకపోయేసరికి ఆవిడ తిట్టుకుంటూ పైకెళ్ళింది. ట్యాంకు పక్కన పరశురాం ఎండదెబ్బ తగిలి పడి ఉన్నాడు. ఒళ్ళు పెనంలా కాలుతోంది. పిలిస్తే పలకలేదు. ముఖాన చల్లుదామంటే చుక్క నీళ్ళు లేవు.

"సార్, పైకి రండి. వీడు చచ్చిపోయేలా ఉన్నాడు."

సారు అంబులెన్సుకి ఫోను చేస్తూ, రొప్పుతూ వచ్చాడు. మార్తమ్మకి ఆ మాట నోటి చివరే ఉంది. ఉద్యోగం పోతే పోయిందని నోరు తెరిచింది. ఏడుపు వెక్కిళ్ళలో "మో... మో..." దగ్గరే ఆగిపోయింది.

సారు ఆవిడ వంక విసుగ్గా చూశాడు. పరశురాం తల ఒళ్ళో పెట్టుకున్నాడు. యాభై ఏళ్ళుగా తన నోటితో ఎన్నడూ అనని మాటని, ఆ డైరెక్టరు అరిచినట్టే అరిచాడు.

"మోటార్."

మంచు కురిసింది. ఆగినప్పుడల్లా మళ్ళీ అరిచాడు. అంబులెన్సు గేటు దగ్గరికి వచ్చేసరికి ముగ్గురూ మోకాళ్ళదాకా మంచులో ఉన్నారు. పరశురాం కళ్ళు తెరిచాడు.

"ట్యాంకు తోమమన్నవు గదక్కా?"

"మోటారు వెయ్యమన్నానురా, మోటారు," అంది మార్తమ్మ ఏడుస్తూనే.

రెండుసార్లు అంది కాబట్టి రెండింతలు కురిసింది. సారు తన బట్టతల మీది మంచు తీసి పరశురాం నుదుటికి పట్టించాడు.